బొమ్మ ఎవరిది?

(గ్రంథాలయ వారోత్సవాల్లో భాగంగా గూడూరులో ఒక కేబుల్ ఆపరేటర్ చేసిన ప్రసంగ పాఠం)

అందరికీ నమస్కారం. లైబ్రేరియన్ గారు మా ఆఫీసుకొచ్చి "క్రికెట్ చరిత్ర మీద ఓ అరగంట మాట్లాడాలి" అంటే, ఈయన ఎవరో ఆటగాడి ఇంటికి బయల్దేరి దారి తప్పి నా దగ్గరికొచ్చాడేమో అనుకున్నాను. నేను బ్యాటు పట్టింది తక్కువ. కాలేజీ టీములో నీళ్ళు అందించే పని కూడా దక్కలేదు. 1992 నుంచి ఈ ఊళ్ళో వైర్లు లాగుతున్నాను, అంతే. ఆ మాటే చెప్తే ఆయన, "అందుకే మిమ్మల్ని అడుగుతున్నా" అన్నారు.

సరే. ఆడినవాళ్ళ చరిత్ర ఈ బీరువాల్లోనే దొరుకుతుంది. నేను చూసినవాళ్ళ వైపు నుంచి చెప్తాను. మన దేశంలో ఆట ఎట్లా మారిందీ అంటే, టీవీలో కనపడే ఆ బొమ్మ చేతులు మారినట్టల్లా మారింది. నాకు తెలిసింది అదీ.

1983 జూన్ 25, శనివారం. అప్పటికి మన ఊళ్ళో టీవీలు వేళ్ళ మీద లెక్కపెట్టొచ్చు. హైదరాబాద్ దూరదర్శన్ 1977లోనే మొదలైంది గానీ అది మనదాకా రాదు. మనకు దగ్గర మద్రాసు. అబ్రకం వ్యాపారం చేసే ఒక షావుకారు మేడమీద ఇనప పైపులు ఒకదానిమీద ఒకటి ఎక్కించి, నాలుగు వైపులా తీగలు కట్టి, మద్రాసు వైపు యాంటెన్నా తిప్పి పెట్టారు. కింద హాల్లో నలభై మందిమి. పైన ఆ పైపు పట్టుకుని ఒకడు. "వచ్చిందా?" "ఇంకొంచెం." "ఇప్పుడు?" "ఆఁ, ఆఁ... పోయింది!" నా వయసువాళ్ళకి ఇది వేరే చెప్పక్కర్లేదు. బొమ్మ సగం, చుక్కలు సగం. మాటలు కూడా అంతంతమాత్రమే కాబట్టి పక్కన రేడియో పెట్టుకున్నాం. ఆ రేడియోకి పోస్టాఫీసులో లైసెన్సు కట్టే రోజులవి.

మనవాళ్ళు 183కే ఆలౌట్. సగం మంది లేచి ఇళ్ళకి పోయారు. పోక ఏం చేస్తారు? 1975 ప్రపంచ కప్పులో ఇంగ్లాండు 334 కొడితే మనం 60 ఓవర్లూ ఆడి 132 చేశాం. గవాస్కర్ 174 బంతులాడి 36 నాటౌట్. 1979లో శ్రీలంక చేతిలో కూడా ఓడాం, అప్పటికి వాళ్ళకి టెస్టు హోదా కూడా లేదు. అట్లాంటి జట్టు వెస్టిండీస్‌ని ఆపుతుందని ఎవరనుకుంటారు? రిచర్డ్స్ వచ్చాడు, బాదుతున్నాడు. మదన్‌లాల్ బంతిని పైకి లేపాడు. కపిల్ వెనక్కి తిరిగి పరుగెత్తుతున్నాడు... సరిగ్గా అప్పుడు బొమ్మ పోయింది. తెరమీద తెల్లగా పేలాలు. రేడియో ఒక్కసారి గట్టిగా అరిచింది. దాంతో తెలిసింది మాకు. ఆ క్యాచ్‌ని నేను కళ్ళారా చూసింది మరో పదేళ్ళకి, నా సొంత కంట్రోల్ రూములో. 140కి వాళ్ళు ఆలౌట్. అర్ధరాత్రి రోడ్డెక్కి అరిస్తే ఊరంతా లేచి తిట్టింది.

అంతకు వారం ముందు జింబాబ్వే మీద కపిల్ 175 కొట్టాడు. 17 పరుగులకి ఐదు వికెట్లు పోయాక ఆడిన ఆట అది. దానికి బొమ్మే లేదు. ఆ రోజు అక్కడ కెమెరా లేదు. టన్‌బ్రిడ్జ్ వెల్స్ మైదానంలో ఉన్నవాళ్ళు తప్ప ఎవ్వరూ చూడలేదు. మన దేశపు అతి గొప్ప ఇన్నింగ్స్‌లలో ఒకటి కథగా మిగిలిపోయింది, కథలాగే పెరుగుతోంది కూడా. ఈమధ్య ఒకాయన ఆ మ్యాచ్ టీవీలో చూశానని నాతో వాదించాడు. నేను కాదనలేదు. పెద్దాయన.

ఆ గెలిచిన జట్టుకి బహుమతి ఇవ్వడానికి మన క్రికెట్ బోర్డు దగ్గర డబ్బు లేదు. లతా మంగేష్కర్ ఢిల్లీలో కచేరీ చేసి నిధులు పోగుచేస్తే, ఆటగాళ్ళకి తలా లక్ష రూపాయలు ఇచ్చారు. అప్పటి మన బోర్డు పరిస్థితి అది. ఇది గుర్తుపెట్టుకోండి, చివర్లో ఇంకో అంకె చెప్తాను.

1987లో ప్రపంచ కప్పు ఇంగ్లాండు దాటి మొదటిసారి మన దగ్గరికొచ్చింది, భారత్‌కీ పాకిస్తాన్‌కీ కలిపి. సెమీఫైనల్లో ఇంగ్లాండు గూచ్ స్వీపులు కొట్టీ కొట్టీ మనల్ని ఇంటికి పంపాడు. దాని గురించి ఇంతకన్నా మాట్లాడే ఓపిక నాకు లేదు.

ఇప్పుడు అసలు సంగతికి వస్తాను. 1990ల మొదట్లో మన దేశంలో జరిగే మ్యాచ్‌లు చూపించేది దూరదర్శన్ ఒక్కటే. మ్యాచ్ చూపించాలంటే బోర్డుకి టీవీ డబ్బివ్వాలి కదా అని ఇప్పటి పిల్లలు అనుకుంటారు. అప్పుడు తిరగేసి ఉండేది. మ్యాచ్‌కి లక్షల రూపాయలు ఎదురు కట్టమని దూరదర్శనే బోర్డుని అడిగేది. సరుకు మీది, సంతలో పెట్టినందుకు కూలీ మాకివ్వండి అన్నట్టు. బోర్డులో దాల్మియా, బింద్రా లాంటివాళ్ళకి బయట దేశాల్లో ఏం జరుగుతోందో తెలుసు. 1993లో ఇంగ్లాండు జట్టు వచ్చినప్పుడు హక్కుల్ని ఒక విదేశీ కంపెనీకి అమ్మారు. అప్పుడు దూరదర్శనే వెళ్ళి కొనుక్కోవాల్సి వచ్చింది. మండదా మరి?

ఆ ఏడాది నవంబరులో హీరో కప్పు. బెంగాల్ క్రికెట్ సంఘం వజ్రోత్సవాలకి పెట్టుకున్న టోర్నీ. వాళ్ళు మళ్ళీ విదేశీ కంపెనీకే ఇచ్చారు. ఢిల్లీలో ప్రభుత్వం వాళ్ళు, ఈ దేశంలోంచి సిగ్నల్ పంపడానికి మా అనుమతి కావాలి, ఆ హక్కు మాకు తప్ప ఇంకెవరికీ లేదు అన్నారు. ఏ చట్టం ప్రకారం? 1885 నాటి టెలిగ్రాఫ్ చట్టం. మనం మొదటి టెస్టు ఆడింది 1932లో, సి.కె. నాయుడు కెప్టెన్‌గా. దానికి 47 ఏళ్ళ ముందు, తీగల మీద టకటకలాడే సందేశాల కోసం తెల్లవాళ్ళు రాసుకున్న చట్టం. టెండూల్కర్ వేసే ఓవర్ మనం చూడాలా వద్దా అనేది దాన్నిబట్టి తేల్చాలట! కంపెనీ తెచ్చిన కెమెరా సామాను బొంబాయిలో కస్టమ్స్ వాళ్ళు ఆపేశారు. బెంగాల్ సంఘం వాళ్ళు కోర్టుకెక్కారు. కలకత్తా హైకోర్టు, అక్కణ్ణుంచి సుప్రీంకోర్టు.

నాకు అప్పుడు కనెక్షన్లు నూట ఎనభై. మేడమీద పన్నెండడుగుల జల్లెడ డిష్షు, కింద గదిలో రెండు మూడు పెట్టెలు. పొద్దున లేస్తే ఒకటే గోల. "అబ్బయా, రేపు మ్యాచ్ వస్తదా?" వస్తుందని ఒకరోజు, రాదని ఒకరోజు. నాకేం తెలుసు? ఢిల్లీలో జడ్జిగారికి తెలియాలి. నెలకి యాభై రూపాయలు ఇచ్చేవాళ్ళు కూడా మ్యాచ్ వస్తేనే ఇస్తామన్నారు. ఆ పది రోజులు నాకున్న టెన్షన్ కెప్టెన్ అజారుద్దీన్‌కి కూడా ఉండి ఉండదు.

చివరికి కోర్టు మధ్యంతర ఉత్తర్వులతో మ్యాచ్‌లు వచ్చాయి. నవంబర్ 24, ఈడెన్ గార్డెన్స్‌లో ఫ్లడ్‌లైట్ల కింద సెమీఫైనల్. దక్షిణాఫ్రికాకి చివరి ఓవర్లో ఆరు పరుగులు కావాలి. అజార్ బంతిని టెండూల్కర్‌కి ఇచ్చాడు. ఆ మ్యాచ్‌లో అప్పటిదాకా ఒక్క ఓవర్ కూడా వెయ్యనివాడికి! మూడే ఇచ్చాడు. రెండు పరుగులతో గెలిచాం. మూడు రోజుల తర్వాత ఫైనల్లో కుంబ్లే 12 పరుగులిచ్చి 6 వికెట్లు తీశాడు.

అందరూ ఆ ఓవర్ గురించే చెప్తారు. నేను మాత్రం ఆ కేసు తీర్పు గురించి చెప్తాను. 1995 ఫిబ్రవరి 9న వచ్చింది. గాలిలో పోయే తరంగాలు ప్రజల ఆస్తి అంది సుప్రీంకోర్టు. ప్రభుత్వానివి కావు, అవి జనానివి, జనం మంచికే వాడాలి, దానికి స్వతంత్ర సంస్థ ఉండాలి అంది. ముగ్గురు న్యాయమూర్తుల్లో ఒకరు జస్టిస్ బి.పి. జీవన్‌రెడ్డి. మన ఆంధ్రప్రదేశ్ హైకోర్టులో ఏళ్ళ తరబడి పనిచేసిన తెలుగాయన. ఆయన విడిగా రాసిన తీర్పులో ఇంకో మాట కూడా ఉంది. ప్రభుత్వం గుత్తాధిపత్యం ఎంత తప్పో, డబ్బున్న ప్రైవేటు వాళ్ళ గుత్తాధిపత్యం అంత ప్రమాదం అని. మాట్లాడే స్వేచ్ఛ ఉందని ఎవడికి వాడు స్టేషను పెట్టుకునే హక్కు దాన్లోంచి రాదు అని.

మనవాళ్ళు ఏం చేశారు? తీర్పులో మొదటి సగం పట్టుకున్నారు. దూరదర్శన్ సొత్తు కాదట, పదండి అమ్ముకుందాం! "ప్రజల ఆస్తి" అన్న మాట అక్కడే కాగితం మీద ఉండిపోయింది. నేనూ అందులో భాగస్తుణ్ణే, నన్ను వదిలేసి మాట్లాడట్లేదు. ఆ తర్వాత మూడేళ్ళలో నా కనెక్షన్లు నూట ఎనభై నుంచి రెండు వేలు దాటాయి.

వన్డే మ్యాచ్‌కి డబ్బెందుకు అంత వస్తుందో లెక్క చాలా తేలిక. రెండు జట్లూ కలిపి వంద ఓవర్లు. ఓవర్ ఓవర్‌కీ మధ్య కాస్త ఖాళీ. వికెట్ పడితే ఇంకాస్త. ఫుట్‌బాల్‌లో ఇట్లాంటి సందులు దొరకవు. ఆటని కనిపెట్టిన ఇంగ్లీషు వాళ్ళు అడ్వర్టైజ్‌మెంట్ల కోసమే కనిపెట్టారా అనిపిస్తుంది. పోను పోను ఓవర్ ఆరో బంతి బౌండరీ దాటిందో లేదో తెలియకముందే సబ్బు ప్రకటన వచ్చేది. తిట్లు నాకు. నేనేం చేశాను?

తిట్లంటే గుర్తొచ్చింది. 1996 మార్చి 13. ప్రపంచ కప్పు సెమీఫైనల్, మళ్ళీ ఈడెన్. శ్రీలంక 251. మనం ఒక వికెట్‌కి 98. టెండూల్కర్ స్టంపౌట్ అయ్యాడు, అంతే, పేకమేడ. 120కి ఎనిమిది. జనం సీసాలు విసిరారు, స్టాండ్లలో మంటలు పెట్టారు, రిఫరీ లాయిడ్ మ్యాచ్‌ని శ్రీలంకకి ఇచ్చేశాడు. కాంబ్లీ ఏడుస్తూ నడిచొచ్చాడు. ఆ రాత్రి సందు మొగలో కుర్రాళ్ళు నా మెయిన్ కేబుల్ కోసేశారు. ఓడింది కలకత్తాలో, తెగింది గూడూరులో. పొద్దున నిచ్చెనేసుకుని అతుకు వేస్తుంటే, కోసినవాళ్ళలో ఒకడే కింద నిచ్చెన పట్టుకున్నాడు. ఏం మాట్లాడలేదు. నేనూ అడగలేదు.

2000 సంవత్సరం గురించి ఎక్కువ మాట్లాడను. ఏప్రిల్‌లో ఢిల్లీ పోలీసులు దక్షిణాఫ్రికా కెప్టెన్ క్రోన్యే మ్యాచ్ ఫిక్సింగ్ గురించి మాట్లాడిన ఫోన్ మాటలు బయటపెట్టారు. డిసెంబరులో అజారుద్దీన్ మీద బోర్డు జీవితకాల నిషేధం వేసింది. 99 టెస్టుల దగ్గర ఆగిపోయాడు. 2012లో ఆంధ్రప్రదేశ్ హైకోర్టు ఆ నిషేధం చెల్లదంది, కానీ అప్పటికి ఆడే వయసు దాటిపోయింది. ఆ 2000లో చాలామంది "క్రికెట్ ఛానళ్ళు తీసెయ్ అబ్బయా, నెలకి పది రూపాయలు తగ్గించు" అన్నారు.

మళ్ళీ వాళ్ళే తిరిగొచ్చారు. ఎప్పుడో తేదీతో సహా చెప్తాను. 2001 మార్చి 14, బుధవారం. ఈడెన్ టెస్టు నాలుగో రోజు. స్టీవ్ వా ఆస్ట్రేలియా జట్టు వరసగా 16 టెస్టులు గెలిచి వచ్చింది. మనం ఫాలో ఆన్, అంటే మొదటి ఇన్నింగ్స్‌లో బాగా వెనకపడి వెంటనే మళ్ళీ బ్యాటింగ్‌కి దిగాం. లక్ష్మణ్, ద్రావిడ్ పొద్దున వచ్చి సాయంత్రం దాకా ఆడారు. ఒక్క వికెట్ పడలేదు. 254తో మొదలైన స్కోరు 589 దగ్గర ఆగింది. వార్న్ లెగ్ స్టంపు బయట బౌలర్ల కాలిముద్రల్లో బంతి వేసి తిప్పుతుంటే, లక్ష్మణ్ ముందుకొచ్చి దాన్నే కవర్స్ మీదుగా కొట్టాడు. ఇంకోటి అక్కడే వేస్తే ఎదురు వైపు మిడ్‌వికెట్‌కి. మణికట్టు అంటారే, హైదరాబాద్ మణికట్టు, అది. ఆ రోజు మా ఆఫీసు ఫోను ఒక్కసారి కూడా మోగలేదు. పొద్దున్నుంచి సాయంత్రం దాకా ఒక్క కంప్లయింటు లేదు. అసలు లైన్ పనిచేస్తోందా అని నేనే రెండుసార్లు ఎత్తి చూశాను. మర్నాడు 281 దగ్గర అవుటయ్యాడు, ఆ రోజే గెలిచాం.

కేబుల్ వల్ల డబ్బున్నవాళ్ళే బాగుపడ్డారని నేను అనను. 1990లకి ముందు టెస్టు జట్టు అంటే ఎక్కువగా బొంబాయి, ఢిల్లీ, బెంగళూరు, హైదరాబాద్ లాంటి నగరాలే. మంచి వికెట్, మంచి కోచ్ అక్కడే కాబట్టి. వైరు చిన్న ఊళ్ళకి వచ్చాక, పుల్ షాట్ ఎట్లా ఆడాలో స్లోమోషన్లో ఇంట్లోనే చూసిన పిల్లలు తయారయ్యారు. 2005 ఏప్రిల్‌లో విశాఖపట్నంలో పాకిస్తాన్ మీద ఒక జులపాల కుర్రాణ్ణి మూడో నంబర్లో పంపారు. 123 బంతుల్లో 148. రాంచీ నుంచి వచ్చాడు. ఆ రోజు మా కుర్రాళ్ళు పేరు పలకలేక "ఆ జుట్టోడు" అన్నారు. ధోనీ అని తర్వాత నేర్చుకున్నారు.

2007 ఇంకో రకం సంవత్సరం. జనవరిలో వెస్టిండీస్ జట్టు వచ్చింది. హక్కులు కొన్న ప్రైవేటు ఛానల్ దూరదర్శన్‌కి ఇవ్వనంది. మళ్ళీ కోర్టు. ఏడు నిమిషాలు ఆలస్యంగా చూపించుకోండి అని తీర్పు! మీరే ఊహించండి. పక్కింట్లో పే ఛానల్ ఉంది, మీ ఇంట్లో దూరదర్శన్. పక్కింట్లో "అవుట్!" అని అరుపు వినపడుతుంది. మీ తెరమీద ఆ బ్యాట్స్‌మన్ ఇంకా ఏడు నిమిషాలు బతికే ఉంటాడు. అప్పుడు ప్రభుత్వం చట్టం తెచ్చింది, ముఖ్యమైన మ్యాచ్‌ల సిగ్నల్ దూరదర్శన్‌తో పంచుకోవాలని. బాగానే ఉంది అనుకున్నాం. 2017లో సుప్రీంకోర్టు, పంచుకున్న ఆ సిగ్నల్ దూరదర్శన్ సొంత యాంటెన్నాకీ, దాని ఉచిత డిష్షు సర్వీసు ఫ్రీడిష్‌కీ మాత్రమే, కేబుల్ వాళ్ళకి కాదు అంది. అందుకే మీరు మేడమీద సొంతంగా గిన్నె పెట్టుకుంటే దూరదర్శన్‌లో మ్యాచ్ వస్తుంది, అదే దూరదర్శన్ నా వైరు మీద పెడితే రాదు. ఈ సంగతి అప్పట్నుంచీ గడప గడపకీ చెప్తున్నాను. ఎవరూ నమ్మరు. నేనే నొక్కేశాననుకుంటారు. (నవ్వులు)

అదే 2007 మార్చిలో బంగ్లాదేశ్ చేతిలో ఓడి ప్రపంచ కప్పు నుంచి ఇంటికొచ్చేశాం. సెప్టెంబరులో పెద్దవాళ్ళు లేని జట్టు జొహానెస్‌బర్గ్‌లో టీ20 కప్పు గెలిచింది. హక్కులు దక్కని జీ వాళ్ళు ఐసీఎల్ అని సొంత లీగే పెట్టారు. మన అంబటి రాయుడు అందులో చేరి బోర్డు నిషేధంలో పడ్డాడు, 2009లో క్షమించి వెనక్కి తీసుకున్నారు. ఆ ఐసీఎల్‌కి జవాబుగా బోర్డు తెచ్చిందే ఐపీఎల్. 2008లో మన హైదరాబాద్ జట్టు డెక్కన్ ఛార్జర్స్ అట్టడుగున, 2009లో దక్షిణాఫ్రికాలో కప్పు. 2012కల్లా జట్టే లేదు. మ్యాచ్ రాత్రి ఎనిమిదింటికి, అంటే సీరియల్ టైముకి పెట్టారు. రిమోట్ కోసం గొడవలయ్యాయి, ఇంట్లో రెండో టీవీ కొన్నారు. రెండో కనెక్షన్ నేనిచ్చాను.

ఇందాక చెప్తానన్న అంకె. 2023 నుంచి ఐదేళ్ళకి ఐపీఎల్ ప్రసార హక్కులు 48,390 కోట్లకి అమ్ముడుపోయాయి. లత గారి కచేరీ నుంచి ఇక్కడికి నలభై ఏళ్ళు. ఆ 2023లోనే ఐపీఎల్‌ని ఫోన్లో ఉచితంగా చూపించారు. ఆ వేసవిలో నాకు నాలుగొందల కనెక్షన్లు పోయాయి. తరంగాలు మళ్ళీ గాల్లోకి వెళ్ళిపోయాయి, ఈసారి నా నిచ్చెన అందని చోటికి. ఇప్పుడు ఫైబర్ నెట్ ఇస్తున్నాను, బతకాలి కదా.

ఇప్పుడు అమ్మాయిల సంగతి. 1978లో మహిళల ప్రపంచ కప్పు మన దేశంలోనే జరిగింది. కప్పు తేల్చిన ఆస్ట్రేలియా, ఇంగ్లాండ్ మ్యాచ్ హైదరాబాద్ లాల్‌బహదూర్ స్టేడియంలో ఆడారు. ఇక్కడున్న వాళ్ళలో ఎవరికైనా తెలుసా? చేతులెత్తండి. ఊఁ. నాకూ ఈ ఉపన్యాసం కోసం చదివితేనే తెలిసింది. మన అమ్మాయిలు రిజర్వేషన్ లేని రైలు పెట్టెల్లో కిట్ సంచుల మీద కూర్చుని మ్యాచ్‌లకి వెళ్ళేవాళ్ళు. 2002లో టాంటన్‌లో మిథాలీ రాజ్ 214 కొట్టి మహిళల టెస్టుల్లో ప్రపంచ రికార్డు పెట్టింది. మర్నాడు పేపర్లో ఒక మూల చదివాం. కపిల్ 175కి బొమ్మ లేదని నలభై ఏళ్ళుగా బాధపడుతున్నాం. ఈ పిల్ల 214 గురించి ఎవరు బాధపడ్డారు? ఆ రోజు "ఆ మ్యాచ్ ఎందుకు రావట్లేదు" అని నన్ను ఒక్కరైనా అడగలేదు. నాకూ అనిపించలేదు.

2006లో మహిళల క్రికెట్ పెద్ద బోర్డు కిందికొచ్చింది. 2017 ప్రపంచ కప్పు లార్డ్స్ ఫైనల్లో తొమ్మిది పరుగులతో ఓడిపోయారు. అమ్మాయిల మ్యాచ్ కోసం నాకు ఫోన్లు రావడం అదే మొదలు.

2025 నవంబర్ 2, ఆదివారం, నవీ ముంబైలో మహిళల ప్రపంచ కప్పు ఫైనల్. వానతో ఆలస్యమైంది. మనవాళ్ళు 298. షెఫాలీ 87. దక్షిణాఫ్రికా దిగింది. మన కడప జిల్లా పిల్ల శ్రీచరణి బంతి అందుకుని అనెకె బాష్‌ని సున్నాకే ఎల్బీడబ్ల్యూ చేసింది. టోర్నీ మొత్తంలో 14 వికెట్లు ఆమెవి. సరిగ్గా ఆ సమయానికి తూర్పు వీధిలో ఫైబర్ తెగింది. ఎలకలో, లారీయో, ఇంకా తెలీదు. ఫోన్ మోగింది. ఒక పెద్దావిడ, డెబ్బై దాటి ఉంటాయి. "ఏందబ్బయా, బొమ్మ పోయింది. కడప పిల్ల బౌలింగ్ ఇంకా ఉందా, అయిపోయిందా?"

"ఇంకా ఉందమ్మా, పది నిమిషాల్లో వస్తాను" అని బండి తీశాను. ఆమె ఫోన్ పెట్టలేదు. ఆ పది నిమిషాలూ నేను బండి మీద పోతూ, జేబులో ఫోన్లో వినపడే కామెంటరీని ఆమెకి ఒక్కో బంతీ చెప్తూనే ఉన్నాను. ఆవిడ ఆ పక్క "ఊఁ... ఊఁ..." అంటూనే ఉంది.